ఇరానీల కాఫీ కప్పు జోస్యం ఎవరైనా చెప్పించుకున్నారా?

గోదారిగట్టు:
టొరంటోలో మా పక్క ఫ్లాట్‌లో ఉండే ఇరాన్ ఆంటీ నిన్న కాఫీకి పిలిచారు. తాగడం అయ్యాక కప్పును సాసర్‌లో బోర్లించమని, చల్లారాక తిప్పి చూసి "చేప పడింది, డబ్బు చేతికొస్తుంది, అంచు దగ్గరే ఉంది కాబట్టి త్వరలోనే" అన్నారు. ఫాలె గహ్వె అంటారట దీన్ని. ఉద్యోగం పోయి రెండు నెలలైంది, ఆ టెన్షన్‌లో ఉన్నానేమో, అక్కడే ఏడ్చేశాను. మీకెవరికైనా ఇలా జరిగిందా?

నల్లకాఫీ:
దుబాయ్‌లో నా రూమ్మేట్‌ది టెహ్రాన్, ఆమె చెప్పేది. వాళ్లు రోజూ తాగేది టీనే, గహ్వెఖానె అంటే కాఫీ ఇల్లు అని అర్థమైనా అక్కడా టీయే ఇస్తారు. జోస్యానికి మాత్రం టర్కీ కాఫీ ఉండాల్సిందే. పొడి పిండిలా మెత్తగా ఉండాలి, పొడుగు పిడి ఉన్న చిన్న గిన్నెలో కాచి వడకట్టకుండా పోయాలి. అడుగున మిగిలే మడ్డి కప్పు గోడల మీద జారి గీతలు పడతాయి, వాటినే చదువుతారు. దారి కనిపిస్తే ప్రయాణం, పక్షి అయితే కబురు.

మామిడితోట:
మన ఫిల్టర్ కాఫీతో కుదరదా?

నల్లకాఫీ:
కుదరదండి, మడ్డంతా ఫిల్టర్‌లోనే ఉండిపోతుంది కదా.

వెన్నెల77:
ఇంట్లో పెద్దావిడ చెప్తే సరే కానీ, కప్పు ఫొటో పంపితే చెప్తాం అనేవాళ్ల జోలికి మాత్రం దయచేసి వెళ్లకండి. ఒకావిడ నాకు పాము కనిపించిందని, శత్రువు ఇంట్లోనే ఉన్నారని చెప్పింది, అది పట్టుకుని మా తోడికోడలితో మూడు నెలలు మాట మానేశాను, పోయిన డబ్బు కంటే అదే ఎక్కువ బాధ.

చార్మినార్ చాయ్:
ఇరాన్‌లోని షిరాజ్‌లో పాతకాలపు పర్షియన్ కవి హాఫిజ్ సమాధి దగ్గర చిన్న పిట్ట కవర్ తీసిస్తుంది, లోపల ఆయన పద్యం ఉంటుంది, అచ్చం మన చిలక జోస్యమే. డిసెంబర్‌లో యల్దా రాత్రి, అంటే ఏడాదిలో అన్నిటికంటే పొడుగైన రాత్రి, ఇంటిల్లిపాదీ కూర్చుని హాఫిజ్ పుస్తకం తెరిచి జోస్యం చూసుకుంటారు. కాఫీ జోస్యాన్ని మతపెద్దలు ఒప్పుకోరు, అయినా ఆడవాళ్లు కలిసినప్పుడు నడుస్తూనే ఉంటుంది.

గోదారిగట్టు:
అందరికీ థ్యాంక్స్. ఇవాళ మళ్లీ వెళ్లి నిజంగా చేపేనా ఆంటీ అని అడిగాను. "నీ మొహం వాడిపోయి ఉంది, చేప కోసమే వెతికాను, దొరికింది" అన్నారు. రేపు ఆవిడకి మన ఫిల్టర్ కాఫీ పట్టుకెళ్తున్నాను.