త్ర్యంబకం నుంచి వస్తున్నం, అంతర్వేదిల సంగమ స్నానం పద్ధతి ప్రకారం ఎట్ల చేయాలె? తోడున్న ఫ్రెండ్ క్రిస్టియన్

ధర్మపురి_పిల్ల అడిగింది:

అందరికీ నమస్తే. మాది ధర్మపురి దగ్గర, గోదావరి ఒడ్డునే పెరిగిన. రెండేండ్ల సంది నేనూ, నాతోని పనిచేసే కొట్టాయం అమ్మాయి ఒకామె, ఇద్దరం లీవ్ దొరికినప్పుడల్లా గోదావరి వెంబడి తిరుగుతున్నం. నాసిక్ దగ్గర త్ర్యంబకంల మొదలుపెట్టినం, బాసర, మా ధర్మపురి, కాళేశ్వరం, భద్రాచలం అయిపోయినయ్. 1465 కిలోమీటర్ల నది సముద్రంల కలిసే కాడ స్నానం చేస్తే మా తిరుగుడు పూర్తయితది. మా ఊర్ల నరసింహస్వామి, అంతర్వేదిల కూడా నరసింహస్వామే అని తెలిసినప్పటి నుంచి మనసు అక్కడనే ఉన్నది.

ఇప్పటిదాక మేము చేసింది ఉత్త మునుగుడే. ఈసారి అయ్యగారితోని సంకల్పం చెప్పించుకొని, ఏది ముందు ఏది వెనుక తెలుసుకొని చేయాలని ఉన్నది. మా ఫ్రెండ్‌కు కూడా అట్లనే చేయాలని ఉన్నది, ఫొటోల కోసం కాదు, ఆమెనే అడిగింది. ఆమెకు గోత్రం లేదు మరి. నడుమ ఒక రేవుల ఒకాయన పేరు అడిగి, వినంగనే మొఖం మార్చుకొని పక్కకు జరగుమన్నడు. ఆమె ఏమనలేదు గని నాకే ఆ రాత్రి నిద్ర పట్టలే. మళ్ళ అట్ల కావద్దు, అందుకే ముందే అడుగుతున్న. మాఘమాసంల వద్దామనుకుంటున్నం. ఇద్దరం ఆడోళ్ళమే, ఈత రాదు.

పంటు_రేవు:

ఆయ్, నమస్కారం చెల్లెమ్మా. మాది సఖినేటిపల్లి, రేవు పక్కనే. మీరు ఈత రాదని చెప్పారు కాబట్టి ముందు నీళ్ళ సంగతే చెప్తాను, మిగతావి తెలిసినోళ్ళు చెప్తారు.

గుడి వేరు, సంగమం వేరు. గుడి ఊళ్ళో ఉంటది, వసిష్ఠ గోదారి సముద్రంలో కలిసే చోటికి ఇంకా ముందుకెళ్ళాలి, అన్నాచెల్లెళ్ళ గట్టంటాం. అక్కడ చూడ్డానికి మోకాలు లోతే ఉన్నట్టు కనపడతది గానీ కింద ఇసుక నిలకడగా ఉండదండి, నిన్న గట్టిగా ఉన్న చోట ఇవాళ గుంట పడిపోతది, నది ఒకవైపు తోస్తది సముద్రం ఇంకోవైపు లాగుతది. పోటు వస్తున్నప్పుడు కొంచెం నయం, పాటు మీద అంటే నీళ్ళు వెనక్కి తీస్తున్నప్పుడు మాత్రం అస్సలు దిగొద్దు. గోదారిలో పుట్టి పెరిగినోళ్ళమే మేం అక్కడ నడుం లోతు దాటి వెళ్ళం. అందులోనూ అమాస పున్నాలకి పోటు పాటు రెండూ బలంగా ఉంటాయి, జనమేమో సరిగ్గా ఆ రోజులకే వస్తారు. వెళ్ళగానే అక్కడ వలలు వేసుకునే వాళ్ళని అడగండి, ఇప్పుడు పోటా పాటా, ఎక్కడ దిగమంటారు అని. వాళ్ళు చెప్పిన చోటు దాటకండి.

మాఘంలో అంటే దశమి రాత్రి స్వామి కళ్యాణం, తెల్లారి భీష్మ ఏకాదశికి రథం, పౌర్ణమికి సముద్ర స్నానాలు. ఆ వారం అంతా ఇసుకేస్తే రాలనంత జనం. చూడాల్సిన ఉత్సవమే, కాదన్ను, కానీ మీరు చెప్పినట్టు నెమ్మదిగా కూచుని సంకల్పం చెప్పించుకోవాలంటే ఆ రోజులు కుదరవు. ఒకే ముహూర్తానికి అందరూ ఒకే రేవు మీద పడితే ఏమవుద్దో 2015 జులై 14న రాజమండ్రి పుష్కర ఘాట్‌లో చూశాం, మొదటి రోజే తొక్కిసలాటలో ఎంతమంది పోయారో. మళ్ళీ 2027లో పుష్కరాలు. ఆ వార్త గుర్తొస్తే ఇప్పటికీ కడుపులో దేవినట్టుంటది. ఒక గంట ఆలస్యంగా మునిగితే గోదారి ఎక్కడికీ పోదు చెల్లెమ్మా.

దారంటారా, హైదరాబాద్ నుంచి నర్సాపురానికి రైలుంది, రేవుకొచ్చి పంటు, అంటే మనుషుల్నీ బళ్ళనీ దాటించే పెద్ద పడవ, అది ఎక్కితే ఇవతల మా సఖినేటిపల్లి, అక్కణ్ణుంచి అంతర్వేదికి ఆటోలు ఉంటాయి.

గౌతమి_గట్టు:

అక్కా నమస్తే, మాది కోటిపల్లి. మా నాన్నగారు పౌరోహిత్యం చేస్తారు, చిన్నప్పట్నుంచీ రేవులో ఆయన పక్కన దర్భలు అందించినదాన్ని కాబట్టి రాస్తున్నాను. మీ పోస్ట్ ఆయనకి చదివి వినిపించాను కూడా.

నాన్నగారు చెప్పిన మొదటి మాట, సంకల్ప స్నానం సంగమంలో పెట్టుకోవద్దు, కోటిపల్లిలో చేసుకుని తర్వాత అంతర్వేది వెళ్ళమన్నారు. ఇక్కడ గౌతమి ఒడ్డున మెట్లున్నాయి, కూచోడానికి చోటుంది, ఎదురుగా సోమేశ్వరుడి గుడి. తర్వాత పంటు మీద ముక్తేశ్వరం దాటి అమలాపురం, రాజోలు మీదుగా వెళ్ళిపోవచ్చు. ఇంకోటి, మా వైపు పెద్దవాళ్ళు సముద్రాన్ని మామూలు రోజుల్లో ముట్టుకోనివ్వరు, పర్వదినాల్లోనే సముద్ర స్నానం అంటారు. మీరు మామూలు రోజున వెళ్తే నది వైపునే దిగి మూడు మునకలు వేయండి, సముద్రానికి దణ్ణం పెట్టుకోండి.

పద్ధతి పెద్ద కష్టమేం కాదు. రేవులోకి వెళ్ళగానే కాలు పెట్టేయకూడదు, ముందు వంగి నీళ్ళు ముట్టుకుని తల మీద చల్లుకుని దణ్ణం పెట్టుకుని అప్పుడు దిగాలి. మాకు చిన్నప్పుడు అమ్మ చెప్పింది, తల్లిని కాలితో తాకుతున్నాం కదా, అడిగి తాకాలి అని. తర్వాత సంకల్పం, మూడు మునకలు, దోసిట్లో నీళ్ళు తీసుకుని సూర్యుడికి మూడుసార్లు అర్ఘ్యం. ఒడ్డుకొచ్చాక పసుపు కుంకుమ పూలు గోదారమ్మకి, దీపం వదలాలనుకుంటే అరటి దొప్పలో, ప్లాస్టిక్ ప్లేట్లు వద్దు. సబ్బు, షాంపూ నీళ్ళలోకి తేవద్దు. బట్టలు నదిలో పిండకూడదు. ముదురు రంగు కాటన్ చుడీదార్ అయితే ఏ ఇబ్బందీ ఉండదు. మార్చుకోడానికి గదులు పర్వాల్లో తప్ప ఉంటాయని నమ్మకం పెట్టుకోవద్దు, ముందే సత్రంలోనో లాడ్జిలోనో రూమ్ తీసుకోండి. సంభావన ఎంతో కూచోకముందే అడిగేయండి, అందులో మొహమాటం ఏం లేదు.

ఇప్పుడు మీ ఫ్రెండ్ గురించి. సంకల్పం అంటే ఏంటంటే అక్కా, నువ్వు ఎక్కడున్నావో ఎప్పుడున్నావో ఎవరివో చెప్పుకోవడం. జంబూద్వీపంలో మొదలై భరతవర్షం, భరతఖండం, మేరువుకి దక్షిణాన, శ్రీశైలానికి ఏ దిక్కున, అలా దగ్గరికి దగ్గరికి వస్తూ గౌతమీ తీరం దాకా వచ్చి, సంవత్సరం, మాసం, తిథి, వారం, ఆఖర్న నీ పేరు. అంత పెద్ద సృష్టిలో ఈ పొద్దున ఈ మెట్టు మీద నువ్వు నిలబడ్డావని చెప్పేసరికి నాకు ఇన్నేళ్ళ తర్వాత కూడా ఒళ్ళు జలదరిస్తుంది. గోత్రం తెలియని వాళ్ళకి కాశ్యప గోత్రం చెప్పడం ఎప్పట్నుంచో ఉన్నదే. మీ ఫ్రెండ్ పేరు ఆవిడకున్న పేరే చెప్తారు, మార్చుకోనక్కర్లేదు. గుడి లోపలి నియమాలు వేరే, అది దేవస్థానం ఆఫీసులో అడగండి. నది దగ్గర మాత్రం ఎవరూ ఆపకూడదు. ఆవిణ్ణి ఎవరో జరగమన్నారని చదివి నాన్నగారు చాలాసేపు మాట్లాడలేదు.

తీర్థవాసి:

నాకు అరవై దాటాయి, చిన్నదాన్ని నొప్పించాలని కాదు. కానీ స్నానం అనేది నమ్మకంతో చేసే కర్మ. మా అమ్మగారు పుష్య మాసం చివర వచ్చే చొల్లంగి అమావాస్యకి మొదలుపెట్టి భీష్మ ఏకాదశికి అంతర్వేది చేరేలా సప్తసాగర యాత్ర చేసిన మనిషి. తుల్యభాగ, ఆత్రేయ, భారద్వాజ, గౌతమి, వృద్ధ గౌతమి, కౌశిక, వసిష్ఠ, సప్తర్షులు తెచ్చుకున్న ఏడు పాయల్లో ఏడు చోట్ల మునిగింది, ఉపవాసాలుండి, నేల మీద పడుకుని. అదంతా తెలియని వాళ్ళు ఒక అనుభవం కోసం వచ్చి సంకల్పం చెప్పించుకోవడం నాకు మనసుకి పట్టట్లేదు. గట్టు మీద నుంచి దణ్ణం పెట్టుకోవచ్చు కదా.

గౌతమి_గట్టు:

బాబాయ్‌గారూ, అమ్మగారి యాత్రకి నమస్కారం. మీ బాధ నాకర్థమైంది, డ్రోన్ ఎగరేసుకుంటూ పిండాలు పెడుతున్న వాళ్ళ మొహాల మీదకి కెమెరా పెట్టేవాళ్ళని మేమూ చూస్తున్నాం. ఈ అమ్మాయి అలా రావట్లేదు కదండీ, రెండేళ్ళు నడిచి వస్తోంది. ఇంకో మాట, మన వైపు పురోహితులు గోదావరి స్నానంలో ధవళేశ్వరం ఆనకట్ట కట్టిన కాటన్ దొరని శ్లోకంలో స్మరిస్తారు, మాకు నిత్యం గోదావరీ స్నాన పుణ్యం ఇచ్చిన భగీరథుడివి అని. 1852లో ఆనకట్ట పూర్తయింది, కాలవల్లో నీళ్ళు వచ్చి డెల్టా అంతా పచ్చబడింది. ఆయన క్రిస్టియనే. ఆయన పేరు మన నోట పలికినప్పుడు ఈవిడ పేరు పలకడానికి ఏం అడ్డమండీ?

క్షీరారామం_వీధి:

పాలకొల్లు నుంచి. నాది అటువైపు అనుభవం, అంటే బయటివాడిగా వెళ్ళి చేసింది. ఇండోనేషియాలో బాలి వెళ్ళినప్పుడు తంపక్‌సిరింగ్‌లో తీర్థ ఎంపుల్ అనే గుడి ఉంది, 962 నాటిది అంటారు, నేలలోంచి ఊట ఉబికి కోనేటిలోకి వరసగా తూముల్లోంచి పడుతుంది, ఒక్కో తూము కింద తల పెట్టి కడుక్కుంటూ ముందుకెళ్ళాలి, మెలుకత్ అంటారు. బయట దేశాల వాళ్ళని కూడా రానిస్తారు, కానీ పంచె లాంటి సారంగ్ కట్టుకుని నడుముకి పట్టీ చుట్టుకోవాలి, ముందు పూలూ అగరొత్తులూ పెట్టి దణ్ణం పెట్టుకుని తర్వాతే దిగాలి. వరసలో రెండు తూములు చనిపోయిన వాళ్ళ కర్మలకి, వాటి కింద మనం తల పెట్టకూడదు. నాకు తెలియక అటు జరగబోతే పక్కనున్న పెద్దావిడ నా చెయ్యి పట్టుకుని నెమ్మదిగా ఇవతలి తూము దగ్గరికి తెచ్చింది. కోప్పడలేదు, నవ్వింది కూడా. బాలి వాళ్ళు తీర్థానికి చదివే మంత్రాల్లో గంగ, సింధు, సరస్వతితో పాటు గోదావరి పేరు కూడా ఉంటుందని అక్కడే తెలిసింది, ఎక్కడి పాలకొల్లు ఎక్కడి బాలి, నాకు కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. మీ ఫ్రెండ్‌కి చెప్పండి, రేవులో ఏదైనా తెలియకపోతే పక్కనున్న పెద్దావిణ్ణి అడగమని. మన ఆడవాళ్ళు కూడా చెయ్యి పట్టుకునే దింపుతారు.

ధర్మపురి_పిల్ల:

అందరికీ ఎట్ల థాంక్స్ చెప్పాల్నో తెల్వదు. తీర్థవాసిగారూ, మీ మాటకు నాకు కోపం రాలేదు, అమ్మగారి సప్తసాగర యాత్ర గురించి ఇంక చెప్తే వింట. డ్రోన్ ఏం లేదు, ఫోన్లు కూడా రూమ్‌లనే పెడ్తం. పౌర్ణమి గుంపుల కాకుండ, అది అయినంక నాలుగు రోజులకు వస్తం, ముందు కోటిపల్లి, తర్వాత అంతర్వేది.

ఒక్కటి అడగాల్నా వద్దా అని రెండు రోజులు ఆగిన. మా ఫ్రెండ్ వాళ్ళమ్మ పోయిన సంవత్సరం చనిపోయింది. త్ర్యంబకంల మేము మొదలుపెట్టినప్పుడు ఆమె బాగనే ఉండె, ఎక్కడ మునిగినా రాత్రి ఫోన్ చేసి నీళ్ళు చల్లగున్నయా అని అడిగేది. అమ్మ పేరు మీద గోదావరిల నీళ్ళు వదలొచ్చా అని అడుగుతున్నది. తర్పణం అంటరు కదా, అది ఆమె చేయొచ్చా?

గౌతమి_గట్టు:

అక్కా, నాన్నగారు సాయంత్రం సంధ్య వార్చుకుని వచ్చాక అడిగాను. తర్పణం అంటే తిలలు, దర్భలు, గోత్రం, మూడు తరాల పేర్లు, ఎవరు చేయాలనే నియమం, అవన్నీ ఉంటాయి, అది నేను చేయించలేనమ్మా అన్నారు, దాచకుండా చెప్పమన్నారు. అర్ఘ్యం అయ్యాక దోసిట్లో నీళ్ళు తీసుకుని అమ్మ పేరు తలుచుకుని వదలమనండి, దానికి మంత్రం అక్కర్లేదు అన్నారు.

తర్వాత భోజనానికి లేవబోతూ మళ్ళీ కూచుని ఇంకో మాట చెప్పారు. రోజూ ఆయన తర్పణం ఆఖర్న ఆబ్రహ్మస్తంబపర్యంతం అని నీళ్ళు వదులుతారు, బ్రహ్మ దగ్గర్నుంచి గడ్డిపోచ దాకా అందరికీ అని. తల్లీ తండ్రీ చుట్టం గోత్రం ఎవరూ లేని వాళ్ళకి కూడా అందులో వాటా ఉంది. ఆవిడ పోయిన రోజు నుంచీ నేను ఇస్తూనే ఉన్నాను, పేరు తెలియదంతే, ఆ పేరు ఏంటో అడుగు అన్నారు.

అక్కా, పేరు ఇక్కడ పెట్టకండి, నాకు మెసేజ్ చేయండి. వచ్చే రోజు కూడా ముందే చెప్పండి, మాఘంలో ఆయన తెల్లారకముందే రేవుకి వెళ్ళిపోతారు.