అమెరికా లెగ్ పీసులు మన దగ్గర ఎందుకు దొరకవు?

ప్రశ్న: అమెరికాలో ఫ్రోజెన్ లెగ్ క్వార్టర్లు (తొడతో కలిపి కోసిన కోడి కాళ్లు) కారుచౌక అంటారు. హైదరాబాద్ హోటళ్లకు తెప్పిస్తే గిట్టదా?

జవాబు: గిట్టదండీ. కోసిన చికెన్ ముక్కల మీద మన దిగుమతి సుంకం 100 శాతం, అంటే రేవులోనే ధర రెట్టింపు. అక్కడివాళ్లకు బ్రెస్ట్ అంటేనే మోజు. కోడి ఖర్చు దాదాపు అందులోనే రాబట్టుకుంటారు, కాళ్లు మిగులు సరుకు. చవక రహస్యం అదే.

బర్డ్ ఫ్లూ పేరుతో అమెరికా కోడిమాంసం మీద మనం పెట్టిన ఆంక్షలు చెల్లవని 2015లో డబ్ల్యూటీవో (ప్రపంచ వాణిజ్య సంస్థ) అప్పీలులోనూ తేలింది. సుంకం మాత్రం అలాగే ఉంది. పైగా శానిటరీ ఇంపోర్ట్ పర్మిట్ (మాంసం లాంటి సరుకు తెప్పించుకోవడానికి ముందే తీసుకునే ప్రభుత్వ అనుమతి) కావాలి.

ఇక ఎక్కడి ఫ్రోజెన్ సరుకైనా దించుకునేముందు లాగర్ (దారిపొడవునా చల్లదనాన్ని నమోదు చేసే పరికరం) రికార్డు చూడండి, మైనస్ 18 డిగ్రీల కంటే వేడెక్కి ఉండకూడదు. కవర్లో మంచు పెళ్లలు, అడుగున గడ్డకట్టిన ఎర్రనీళ్లు కనిపిస్తే మధ్యలో కరిగి మళ్లీ గడ్డకట్టినట్టే. వెనక్కి పంపేయండి. అలాంటి సరుకు కరిగించాక నీరు కారి తూకం పడిపోతుంది, కండ పీచుపీచుగా ఉంటుంది.