అన్నయ్య నా మీద నోటు దావా వేశాడు. పండగ దాకా ఆగొచ్చా?

ప్రశ్న:
విజయవాడ గుణదలలో నాన్నగారి పెంకుటిల్లు, 260 గజాలు. నాన్న పోయాక అన్నయ్యకీ నాకూ చెరి సగం. తనే అపార్టుమెంటు కట్టిస్తానన్నాడు. ఖర్చంతా తనది, నాలుగు ఫ్లాట్లలో ఒకటి నాకు. 2022లో వంద రూపాయల స్టాంపు కాగితం మీద రాసుకున్నాం, రిజిస్టర్ చేయించలేదు.

రెండో శ్లాబు వేసేటప్పుడు "ఇనుము కొట్టువాళ్లకి చూపించాలి, ఊరికే సంతకం పెట్టమ్మా" అన్నాడు. 14 లక్షల ప్రామిసరీ నోటు. వదిన కాఫీ తెచ్చేలోపు రెవెన్యూ స్టాంపు మీద సంతకం పెట్టేశాను. ఒక్క రూపాయి నా చేతికి రాలేదు. నా ఫ్లాటుకి ఇప్పటికీ తలుపుల్లేవు, కరెంటు మీటరు లేదు. గట్టిగా అడిగానని మాటలు మానేశాడు. నోటుకి మూడేళ్లు నిండటానికి నెల ముందు దావా వేశాడు. మొన్న శుక్రవారం సమన్లు వచ్చాయి, పది రోజుల్లో హాజరు కావాలట. పండగకి వెళ్లినప్పుడు పెద్దల్లో కూర్చుని మాట్లాడుకుందాం అంటారు మావారు. నాకు టెన్షన్‌తో నిద్ర పట్టట్లేదు.

జవాబు 1:
అమ్మా, ఆగొద్దు. నేను 30 ఏళ్లుగా ప్లీడరు గుమాస్తాని. పది రోజులు అన్నారంటే అది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద వేసే సమ్మరీ దావా, అంటే త్వరగా తేల్చేసే దావా. మామూలు దావాలో జవాబు దాఖలు చేసే హక్కు మీకు ఎలాగూ ఉంటుంది. ఇందులో వాదించడానికే కోర్టు అనుమతి తెచ్చుకోవాలి. ముందు పది రోజుల్లో హాజరు వేయండి. తర్వాత అన్నయ్య తరఫు నుంచి ఇంకో సమన్లు వస్తాయి. అవి అందిన పది రోజుల్లో 'లీవ్ టు డిఫెండ్' అర్జీ, అంటే వాదించడానికి అనుమతి అడిగే అర్జీ, అఫిడవిట్‌తో వేయాలి. హాజరు వేయకపోతే ఆయన చెప్పిందంతా మీరు ఒప్పుకున్నట్టే, డిక్రీ వచ్చేస్తుంది. ఆలస్యానికి సరైన కారణం చూపిస్తే కోర్టు మన్నించవచ్చు గానీ దాని మీద ఆశ పెట్టుకోకండి.

జవాబు 2:
నోటు మీద సంతకం ఉంటే డబ్బు ముట్టినట్టే చట్టం అనుకుంటుంది (నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం, సెక్షన్ 118). ముట్టలేదని మీరే చూపించాలి. అందుకే 'బాకీ లేను' అని ఒక్క ముక్కలో రాస్తే చాలదు. ఏ రోజు, ఎవరి ఇంట్లో, ఏమని సంతకం పెట్టించారో రాయండి. తలుపుల్లేని ఫ్లాటు ఫొటోలు, ఒప్పందం జత చేయండి. ఆ ఒప్పందానికి స్టాంపు తక్కువని అభ్యంతరం పెడతారు, డ్యూటీ, పెనాల్టీ కట్టే దారి ఉంది.

గట్టి వాదన ఉంటే షరతు లేకుండా అనుమతి ఇవ్వాలని 2016లో హబ్‌టౌన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అనుమానం ఉంటే డబ్బు డిపాజిట్ చేయమనొచ్చు. రాజీ కోసమని "కొంత ఇస్తాలే" అని మాత్రం ఎక్కడా రాయకండి, వాట్సాప్‌లో కూడా. ఒప్పుకున్న మొత్తం కోర్టులో కట్టనిదే అనుమతి రాదు.

జవాబు 3:
చెల్లీ, లాయరు ఫీజు గురించి భయపడకు. ఆడవాళ్లకి ఆదాయంతో సంబంధం లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్ని ఇస్తుంది. మా అమ్మకి అలాగే ఇచ్చారు. ఫ్లాటు కోసం విడిగా దావా వేయాల్సి రావచ్చు, ఆ లాయర్నే అడుగు.

ప్రశ్న అడిగినావిడ:
ఎనిమిదో రోజున హాజరు వేశాం. లాయరమ్మ చెప్పారని నిన్న రాత్రంతా పాత ఫోను వెతికాను. సంతకం పెట్టిన రోజు సాయంత్రం అన్నయ్య పంపిన వాయిస్ మెసేజ్ దొరికింది. "శ్లాబు అయ్యాక ఆ నోటు చింపేస్తాలే, బావగారితో చెప్పకు" అన్నాడు.