రాడ్‌బర్న్ 1884 గెలుపులు: 59 అనాలా, 60 అనాలా?

బాక్స్‌స్కోరు:
ఓల్డ్ హాస్ అని పిలిచే చార్లెస్ రాడ్‌బర్న్ 1884లో అమెరికా బేస్‌బాల్ జట్టు ప్రావిడెన్స్ గ్రేస్‌కి పిచర్, అంటే బ్యాటర్‌కి బంతి వేసేవాడు. జట్టు గెలిచిన ప్రతి ఆటనీ ఒక పిచర్ ఖాతాలో గెలుపుగా రాస్తారు. ఆ ఏడాది నేషనల్ లీగ్‌లో అతని గెలుపులు కొన్ని రికార్డు పుస్తకాల్లో 59, కొన్నింటిలో 60. నా ఓటు 59కే. గొడవంతా జూలై 28న ఫిలడెల్ఫియాలో జరిగిన ఆట మీద. సైక్లోన్ మిల్లర్ 5 ఇన్నింగ్స్ వేసేసరికి ప్రావిడెన్స్ 3-4తో వెనకబడి ఉంది. ఆరో ఇన్నింగ్స్‌లో ముందు బ్యాటింగ్ తనదే కాబట్టి 4 పరుగులు చేసి 7-4కి వెళ్లింది. ఆ తర్వాతే రాడ్‌బర్న్ బంతి అందుకున్నాడు. మిగిలిన 4 ఇన్నింగ్స్‌లో ఒక్క పరుగూ ఇవ్వలేదు, ఆట 11-4తో ముగిసింది. ఇప్పటి నియమం చాలా స్పష్టం: మొదలుపెట్టిన పిచర్ 5 ఇన్నింగ్స్ పూర్తి చేశాడు, అతని బదులు ఇంకో పిచర్ రాకముందే జట్టు ముందంజ వేసింది, చివరిదాకా వెనక్కి తగ్గలేదు. గెలుపు మిల్లర్‌ది. రాడ్‌బర్న్‌కి దక్కేది సేవ్, అంటే ముందంజని చివరిదాకా కాపాడినందుకు ఇచ్చే వేరే గుర్తింపు.

పాతలెక్క:
మీరు చెప్పిన 5 ఇన్నింగ్స్ నియమం రూల్‌బుక్‌లోకి ఎక్కింది 1950లో. 1884లో 'పిచర్ గెలుపు' అన్నదానికి రాతపూర్వక నిర్వచనమే లేదు. ఎవరు బాగా వేశారని స్కోరర్‌కి అనిపిస్తే వాళ్లకే రాసేవాడు. నాలుగు పరుగులిచ్చినవాడినీ సున్నా ఇచ్చినవాడినీ పక్కపక్కన పెట్టి రెండోవాడికి రాశాడు. ఇందులో తప్పేముంది? నా లెక్క 60.

బాక్స్‌స్కోరు:
తప్పు పట్టడం లేదండీ. కెరీర్ గెలుపుల్లో అందరికన్నా ముందున్న సై యంగ్ 511నీ దీన్నీ ఒకే పట్టికలో పెట్టి వరస ఇస్తున్నప్పుడు ఒక్కో ఆటకి ఒక్కో కొలబద్ద వాడితే ఎలా?

గట్టుమీద:
ఇద్దరూ 59, 60 అంటున్నారు, పాత రాతల్లో 62 కూడా ఉందిగా. దాని సంగతి?

పాతలెక్క:
అది నిలవదు. అతను మొదలుపెట్టిన ఆటలు 73, ఆ 73నీ చివరిదాకా తనే వేశాడు. కాబట్టి వాటిలో ఫలితం ఎవరిదన్న ప్రశ్నే రాదు. మొత్తం వేసిన ఆటలు 75. అంటే మధ్యలో వచ్చి వేసినవి రెండే, వాదించాలన్నా వాటిమీదే వాదించాలి. సీజన్ అయ్యాక అక్టోబరులో ఇంకో లీగ్ విజేత న్యూయార్క్ మెట్రోపాలిటన్స్ మీద గెలిచిన 3 ఆటలు సీజన్ లెక్కలోకి రావు. వాటిని ఇందులో కలపకండి.

ఎడమచేతివాటం:
ఒక్క గెలుపు కోసం ఇంత పట్టు ఎందుకో! అసలు ఆ అంకె అంత పెద్దది ఎలా అయిందో చూడండి. జూలైలో క్లబ్ రాడ్‌బర్న్‌ని సస్పెండ్ చేసింది. అదే నెల 22న జట్టులో ఇంకో పిచర్ చార్లీ స్వీనీ, ఆ ఏడాది జూన్ 7న బోస్టన్ మీద 19 స్ట్రయికౌట్లు (మూడు స్ట్రయిక్‌లతో బ్యాటర్‌ని ఔట్ చేయడం) తీసినవాడు, పిచింగ్ వదిలి రైట్‌ఫీల్డ్‌లో ఫీల్డింగ్‌కి వెళ్లమంటే మైదానం వదిలి వెళ్లిపోయాడు. గాయమో జబ్బో అయితే తప్ప బయటి ఆటగాణ్ని దింపనివ్వని రోజులవి. 6-2తో ముందున్న గ్రేస్ ఎనిమిది మందితో ఆడి 10-6తో ఓడింది. స్వీనీని క్లబ్ వెళ్లగొట్టాక మేనేజర్ ఫ్రాంక్ బాన్‌క్రాఫ్ట్‌కి రాడ్‌బర్న్ తప్ప దిక్కు లేదు. సీజన్ అయ్యాక తనని రిజర్వు నిబంధన (ఆటగాణ్ని మరుసటి ఏడాదికీ అదే క్లబ్‌కి కట్టేసేది) నుంచి వదిలేయాలన్న షరతు మీద అతను మిగతా భారం మోశాడు. జూలై 23 నుంచి సెప్టెంబరు 24 దాకా జట్టు ఆడిన 43 ఆటల్లో 40 మొదలుపెట్టి 36 గెలిచాడు. భుజం ఎంత పట్టేసేదంటే తల దువ్వుకోవడానికి చెయ్యి లేచేది కాదంటారు.

గట్టుమీద:
బ్యాటర్ నిలబడే ప్లేట్‌కి 50 అడుగుల నుంచి వేస్తే ఎవరైనా గెలుస్తారు. ఇప్పుడు 60 అడుగుల 6 అంగుళాలు.

ఎడమచేతివాటం:
10 అడుగుల తేడా అనుకోకండి తమ్ముడూ. ఆ 50 అడుగులు పిచర్ బాక్స్ (పిచర్ నిలబడి వేయాల్సిన గీతల గడి) ముందు గీత వరకు. ఇప్పటి దూరం పిచర్ వెనక కాలు ఆనించే పలక వరకు. 1887లో వెనక కాలు ఉండాల్సిన గీత 55 అడుగుల 6 అంగుళాల దగ్గర పెట్టారు. 1893లో అక్కణ్నుంచి జరిగింది 5 అడుగులే. పిచర్‌కి కలిసొచ్చినవి వేరే ఉన్నాయి: 1884లోనే లీగ్ భుజం పైనుంచి విసరనిచ్చింది, ఫౌల్ కొడితే స్ట్రయిక్ కాకపోయినా బాక్స్ లోపల అడుగులేసుకుంటూ ఊపు తెచ్చుకునే వీలుండేది. ఎదురు తగిలినవీ ఉన్నాయి. బ్యాటర్ పై బంతి కావాలో కింది బంతి కావాలో ముందే చెప్పేవాడు, అక్కడ పడకపోతే అది 'బాల్', అంటే చెడ్డ బంతి. 6 బాల్స్‌కి వాక్, అంటే బ్యాటర్ ఊరికే మొదటి బేస్‌కి వెళ్లడం.

పాతలెక్క:
అసలు ఎదురుదెబ్బ ఫీల్డింగ్. చాలామంది ఒట్టి చేతులతోనే పట్టేవాళ్లు. 678⅔ ఇన్నింగ్స్‌లో రాడ్‌బర్న్ ఇచ్చిన పరుగులు 216, ఎర్న్‌డ్ రన్స్ (ఫీల్డర్ల తప్పుల వల్ల కాకుండా పిచర్ లెక్కలో పడే పరుగులు) 104. సగానికి పైగా వెనక నిలబడ్డవాళ్ల పుణ్యమే! ఈ.ఆర్.ఏ. (9 ఇన్నింగ్స్‌కి ఎర్న్‌డ్ రన్స్) 1.38 అని మురిసిపోయేవాళ్లు అన్ని పరుగులూ కలిపితే 9 ఇన్నింగ్స్‌కి 2.86 అని కూడా చూడాలి. 441 స్ట్రయికౌట్లూ అంతే, 9 ఇన్నింగ్స్‌కి 5.8 పడుతుంది. అంకె పెద్దదైంది వేసిన ఇన్నింగ్స్ వల్ల. 12 ఓటములే ఉండటం మాత్రం ఇన్నింగ్స్ వల్ల వచ్చేది కాదు.

గట్టుమీద:
సరే, నేను పట్టిక తయారు చేసుకుంటున్నా. ఏది వెయ్యాలి?

బాక్స్‌స్కోరు:
ఏది వేసినా మిల్లర్ వరస కూడా చూడండి. ఆ ఏడాది గ్రేస్ 84 గెలిచి 28 ఓడింది. రాడ్‌బర్న్‌కి 60 వేస్తే స్వీనీ 17 పోను మిగతావాళ్లందరికీ కలిపి 7 రావాలి, 59 వేస్తే 8. ఒక పుస్తకంలోంచి రాడ్‌బర్న్‌నీ ఇంకో పుస్తకంలోంచి మిల్లర్‌నీ ఎత్తి రాస్తే జూలై 28 ఆట ఇద్దరికీ పడి 85 వస్తుంది, లేదా ఎవరికీ పడక 83 వస్తుంది.

పాతలెక్క:
ఈ మాటకి నేనూ సరే. కెరీర్ మొత్తం దగ్గర కూడా అదే జాగ్రత్త: 59 వేస్తే 309, 60 వేస్తే 310.