వాచ్‌కి యాప్ రాస్తే అసలు ఎవరైనా వాడతారా?

నాలుగేళ్లుగా ఫోన్ యాప్స్ చేస్తున్నా. మూడు నెలలు కూర్చుని మా టు-డూ యాప్‌ని స్మార్ట్‌వాచ్‌కి తెచ్చా, సెర్చ్, ఫిల్టర్లు, సెట్టింగ్స్ ఒక్కటీ వదల్లేదు. తీరా చూస్తే వారానికే నేనే వాడటం మానేశా 😅 చెయ్యి ఎత్తి పట్టుకుని స్క్రోల్ చేస్తుంటే భుజం లాగుతోంది, ఈలోపు స్క్రీన్ ఆరిపోతుంది, ఈ మాత్రందానికి జేబులోంచి ఫోన్ తీస్తే పోలా అనిపిస్తోంది. ఇప్పుడేమో స్మార్ట్ గ్లాసెస్‌కి కూడా చేద్దాం అంటోంది టీమ్. ఇలాంటివాటికి పనికొచ్చే యాప్ అంటే ఎలా ఉండాలి?

పాతకోడర్: బ్రో, నువ్వు ఒక్కడివే కాదులే. 2015లో ఆపిల్ వాచ్ వచ్చిన కొత్తలో యాప్ కోడ్ ఫోన్‌లోనే నడిచేది, వాచ్ ఉత్త తెరలాగా ఉండేది, ఏది నొక్కినా చక్రం తిరుగుతూ కూర్చునేది. అదే ఏడాది వాచ్‌ఓఎస్ 2 (వాచ్‌ని నడిపే సాఫ్ట్‌వేర్) వచ్చాక కోడ్ వాచ్‌లోనే నడవడం మొదలైంది, అయినా 2017కల్లా గూగుల్ మ్యాప్స్, అమెజాన్ లాంటివి కూడా తమ వాచ్ యాప్స్ తీసేశాయి (మ్యాప్స్ మళ్లీ 2020లో వచ్చింది). మ్యాప్ వాచ్‌లో పనికిరాదని కాదు. ఆపిల్ మ్యాప్స్‌లో కుడికి తిరగాలంటే ఒక రకంగా, ఎడమకి ఇంకో రకంగా మణికట్టు మీద తడుతుంది, అసలు చూడక్కర్లేదు, నాకైతే వాచ్ యాప్ అంటే అదీ.

సెన్సార్‌పిచ్చి: పైన చెప్పింది కరెక్ట్. ఇంకోటి అడగండి, ఫోన్‌కి తెలియనిది వాచ్‌కి ఏం తెలుసు? అది చర్మానికి అంటుకుని ఉంటుంది. పచ్చ లైట్ వేసి, రక్తం ఎంత పీల్చుకుందో చూసి గుండె లెక్క కడుతుంది. 2018 ఆపిల్ వాచ్ సిరీస్ 4లో ఫాల్ డిటెక్షన్ చూడండి, మనిషి గట్టిగా పడి ఓ నిమిషం కదలకపోతే అదే ఎమర్జెన్సీకి కాల్ చేస్తుంది. మెనూ లేదు ఏం లేదు.

బ్యాటరీ_బాధితుడు: ఆగండాగండి, సెన్సార్ అనగానే ఎగబడొద్దు. నేను హార్ట్ రేట్ సెకనుకోసారి తీసుకుని వెంటనే ఫోన్‌కి పంపేలా రాశా, మధ్యాహ్నానికే వాచ్ చచ్చిపోయింది, టెస్ట్ చేసిన ఫ్రెండ్ తిట్టిన తిట్టు తిట్టకుండా తిట్టాడు. మూటగట్టి ఒకేసారి పంపాలని తర్వాత తెలిసొచ్చింది.

గ్లాసెస్ అంటారా, 2013లో గూగుల్ గ్లాస్ (కెమెరా, చిన్న తెర ఉన్న కళ్లద్దాలు) 1500 డాలర్లకి ఇచ్చారు, పెట్టుకున్నవాడి సంగతేమో గానీ ఎదుటివాడికి "నన్ను రికార్డ్ చేస్తున్నాడా" అన్న అనుమానం. 2015 జనవరిలో అమ్మకం ఆపేశారు. తర్వాత అదే గ్లాస్ ఫ్యాక్టరీలకి, గోడౌన్లకి వెళ్లింది, ఎందుకంటే అక్కడ రెండు చేతులూ పనిలో ఉంటాయి, పని వివరాలున్న కాగితం పట్టుకోడానికి మూడో చెయ్యి ఉండదు కదా. గ్లాసెస్‌కి చేసే ముందు మీ యూజర్ చేతులు ఖాళీగా ఉన్నాయో లేదో చూడండి.

(ప్రశ్న వేసినోడినే): థ్యాంక్స్ అందరికీ. నిన్న రాత్రి కూర్చుని అన్నీ పీకేశా. ఇప్పుడు వాచ్ ఫేస్ మీద తర్వాతి పని ఒక్కటే కనపడుతుంది, తడితే అయిపోయినట్టు, అంతే. సెర్చ్ తీసేశానని మా మేనేజర్ మొహం మాడ్చుకున్నాడు. గ్లాసెస్ సంగతి మాత్రం, మా యూజర్లు ఎక్కువమంది ఆఫీస్ కుర్చీలోనే ఉంటారు, మరి వాళ్లకెందుకో నాకే అర్థం కావట్లేదు.