బాడుగ అంగడికి బ్యాంకు నోటీసు: కువైట్‌కు కొత్తగా వచ్చిన సోదరుని ప్రశ్న, జవాబులు

ప్రశ్న (మంగాఫ్ నుంచి)

పెద్దలకు నమస్కారం. నేను కడప నుంచి ఈ మధ్యనే కువైట్‌కు వచ్చాను. వైవీ స్ట్రీట్‌లో నా పేరున బాడుగకు తీసుకున్న రెడీమేడ్ బట్టల అంగడిని ఇప్పుడు మా తమ్ముడు చూసుకుంటున్నాడు. 2022లో యజమానితో అయిదేళ్లకు వంద రూపాయల స్టాంపు కాగితం మీద ఒప్పందం రాసుకుని నోటరీ చేయించాము గానీ రిజిస్టరు చేయించలేదు. నాలుగు లక్షలు అడ్వాన్సు ఇచ్చాము. యజమాని ఆ భవనాన్ని కుదువపెట్టి తెచ్చిన అప్పు కట్టలేదట. మొన్న బ్యాంకువారు వచ్చి షట్టరు మీద స్వాధీన నోటీసు అంటించి పోయారు. యజమానేమో, ఇంకో లక్ష ఇస్తే మళ్లీ అయిదేళ్లకు కొత్త ఒప్పందం రాసి రిజిస్టరు చేయిస్తానంటున్నాడు. ఏం చేయమంటారు?

జవాబు (ఫర్వానియా నుంచి)

సోదరా, ఆ కొత్త ఒప్పందం మీద సంతకం చేయవద్దనీ, ఆ లక్ష ఇవ్వవద్దనీ ఈ రాత్రికే మీ తమ్మునికి ఫోను చేసి చెప్పండి. షట్టరు మీద స్వాధీన నోటీసు పడిందంటే, అంతకు ముందే 2002 నాటి సర్ఫేసీ చట్టం (బాకీ పడితే కుదువ ఆస్తిని కోర్టుకు పోకుండానే స్వాధీనం చేసుకునే వీలు బ్యాంకుకిచ్చే చట్టం) 13(2) సెక్షను కింద 60 రోజుల గడువుతో యజమానికి డిమాండు నోటీసు వెళ్లి, ఆ గడువు కూడా దాటిపోయి ఉంటుంది. ఆ నోటీసు అందిన తరువాత, సాధారణ వ్యాపారంలో భాగమైతే తప్ప, బ్యాంకు లిఖితపూర్వక అనుమతి లేకుండా ఆస్తిని అమ్మడానికి గానీ లీజుకివ్వడానికి గానీ 13(13) సెక్షను ఒప్పుకోదు. అంతకన్నా నష్టమేమిటంటే, అదే అంగడికి కొత్త లీజు పుచ్చుకుంటే ఆస్తి బదిలీ చట్టం ప్రకారం పాత లీజును మీరే వదులుకున్నట్లు అవుతుంది. ఆ విధంగా నిలబడని కాగితం కోసం కాస్తో కూస్తో నిలబడే కాగితాన్ని పోగొట్టుకుంటారు.

ఇక మీ హక్కు ఎంతవరకు అన్నది ముందుగా భవనం ఎప్పుడు కుదువలోకి వెళ్లిందన్న దాని మీద ఆధారపడి ఉంటుంది. సబ్‌రిజిస్ట్రారు కార్యాలయంలో ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే ధ్రువపత్రం) తీయించండి. దస్తావేజులు బ్యాంకులో ఉంచి చేసిన కుదువకు మెమొరాండం రిజిస్టరు అయి ఉంటే అందులో కనబడుతుంది, లేకపోతే రుసుము కట్టి బ్యాంకు కుదువలు నమోదయ్యే సెర్సాయ్ అనే కేంద్ర రిజిస్టరులో వెతికించవచ్చు. మీ లీజు కుదువ కన్నా ముందుదై, చట్టబద్ధంగా రాసుకున్నదైతే, గడువు తీరేదాకా బ్యాంకు దానిని గౌరవించాల్సిందే. కుదువ తరువాతదైతే, కుదువపెట్టిన యజమాని కొన్ని షరతులకు లోబడే లీజుకివ్వవచ్చనే ఆస్తి బదిలీ చట్టం 65ఎ సెక్షను అడ్డం వస్తుంది. కుదువ పత్రంలోనే లీజుకివ్వరాదని రాసుకుని ఉంటే ఆ సెక్షను ఇచ్చే వెసులుబాటు కూడా ఉండదు. అలా రాసుకోకపోయినా భవనం లీజు మూడేళ్లకు మించరాదు, బాడుగ ముందుగా తీసుకోరాదు, పొడిగింపు షరతు ఉండరాదు.

మీ విషయంలో అసలు చిక్కు రిజిస్ట్రేషన్ లేకపోవడమే. ఏడాదికి మించిన లీజు రిజిస్టరు దస్తావేజు ద్వారానే చెల్లుతుందని అదే చట్టం 107వ సెక్షను చెబుతోంది, నోటరీ ముద్ర దానికి బదులు కాదు. రిజిస్టరు కాని ఒప్పందాన్ని గానీ నోటిమాటను గానీ నమ్ముకున్న బాడుగదారుకు 107వ సెక్షను అనుమతించే కాలానికి మించి స్వాధీనంలో ఉండే హక్కు లేదని సుప్రీంకోర్టు 2019లో బజరంగ్ శ్యాంసుందర్ అగర్వాల్ కేసులో తేల్చి చెప్పింది. కనుక 2027 దాకా అంగడి మాదేనన్న ఆశ పెట్టుకోకండి.

అయితే మీ మాట వినకుండా ఖాళీ చేయించడం కూడా కుదరదు. బాడుగదారుల వాదనను రుణ వసూలు ట్రిబ్యునల్ విచారించే వీలును సర్ఫేసీ చట్టానికి 2016లో వచ్చిన సవరణ 17(4ఎ) సెక్షను ద్వారా కల్పించింది. స్వాధీన చర్య జరిగిన తేదీ నుంచి 45 రోజుల్లోగా అక్కడ దరఖాస్తు వేయాలి. అలవాటు కొద్దీ సివిల్ కోర్టులో ఇంజంక్షన్ వేద్దామని ఎవరైనా అంటే ఒప్పుకోకండి, ఆ దారిని సర్ఫేసీ చట్టం 34వ సెక్షను మూసివేసింది. జిల్లా మేజిస్ట్రేటు నుంచి అదే చట్టం 14వ సెక్షను కింద ఉత్తర్వు తెచ్చుకుని పోలీసులతో వచ్చి బ్యాంకు తాళం వేయకముందే ఈ దరఖాస్తు పడితే మేలు.

రుజువుల సంగతి. బాడుగ నగదుగా ఇచ్చి, యజమాని చేత చిన్న నోటుపుస్తకంలో నెలనెలా సంతకం పెట్టించుకునే అలవాటు మన వైపు అంగళ్లలో ఉన్నదే. ఆ పుస్తకం ఉంటే ప్రతి పేజీకీ ఫోటో తీయించి, అసలును అంగడిలో కాక ఇంట్లో పెట్టించండి. కరెంటు బిల్లు యజమాని పేరున ఉంటే అది మీకు పెద్దగా అక్కరకు రాదు. అంగడి చిరునామాతో ఉన్న జీఎస్టీ సర్టిఫికెట్, కార్పొరేషన్ ట్రేడ్ లైసెన్సు, వాటి మీది తేదీలు దానికన్నా బలమైనవి. ఒప్పందం మీ పేరున ఉంది కనుక మీ తమ్మునికి జీపీఏ (మీ తరఫున వ్యవహరించే అధికారపత్రం) రాసి, ఇక్కడి భారత రాయబార కార్యాలయంలో ధ్రువీకరించి పంపండి. అది ఇండియా చేరిన మూడు నెలల్లోగా అక్కడ స్టాంపు వేయించాలి.

తిరిగి ప్రశ్న (మంగాఫ్ నుంచి)

కృతజ్ఞతలు అన్నా. తమ్మునికి చెప్పాను, సంతకం చేయడు. వచ్చే నెల బాడుగ ఎవరికి కట్టాలి? మా అడ్వాన్సు బ్యాంకు ఇస్తుందా?

జవాబు (ఫర్వానియా నుంచి)

బాడుగ ఆపవద్దు, ఆపితే ఎగవేతదారు అన్న మాట మీ మీదికి వస్తుంది. యజమానికి కట్టేదైతే ఇకనుంచి నగదు మాని అతని ఖాతాకు పంపండి. అప్పు ఖాతాకు జమచేయమని బ్యాంకు లిఖితపూర్వకంగా కోరితే అక్కడే కట్టి రసీదు తీసుకోండి. అడ్వాన్సు పుచ్చుకున్నది యజమాని, తిరిగి ఇవ్వాల్సిందీ అతడే. దానికోసం అతని మీద వేసే దావాకు మాత్రం సివిల్ కోర్టే సరైన చోటు.

జవాబు (సాల్మియా నుంచి)

ఒక మాట కలుపుతాను. వేలానికి కనీసం 30 రోజుల ముందు బ్యాంకు అమ్మకపు నోటీసు ఇవ్వాలి. బాడుగదారు కూడా పాడుకోవచ్చు. ఎన్ఆర్ఐలు వ్యవసాయ భూమి కొనరాదు గానీ అంగడి భవనం కొనవచ్చు. పాట దక్కితే ఆ రోజే, లేదా మరుసటి పనిదినాన 25 శాతం కట్టాలి. మిగతాది అమ్మకం ధ్రువపడిన 15 రోజుల్లో కట్టాలి, గడువు పొడిగించాలంటే బ్యాంకు లిఖితపూర్వకంగా ఒప్పుకోవాలి. అంత సొమ్ము మీ ఎన్ఆర్ఈ ఖాతాలో (విదేశీ సంపాదన జమచేసుకునే ఇండియా బ్యాంకు ఖాతాలో) చేతికందేటట్లు ఉంటేనే పాటలో దిగండి.