దాన సెటిల్‌మెంట్ దస్తావేజులో 'పోషణ షరతు' తప్పనిసరి చేయాలా?

ప్రొద్దుటూరు లాయరు:
ఇల్లూ పొలమూ బిడ్డల పేరున రాసిచ్చేశాక కూడు పెట్టేవాళ్లు లేక ఆర్డీఓ ఆఫీసు మెట్లెక్కే ముసలోళ్లు మన కడప, అనంతపురం, కర్నూలు మూడు జిల్లాల్లోనూ ఉన్నారు. 2007 నాటి తల్లిదండ్రులు, వృద్ధుల పోషణ చట్టం 23వ సెక్షన్ కింద దానం రద్దు కావాలంటే, పోషించాలన్న షరతు మీదే ఆస్తి ఇచ్చినట్టు తేలాలి. 2022 డిసెంబరులో సుదేశ్ ఛికారా కేసులో సుప్రీంకోర్టు చెప్పిందీ ఇదే. అందుకే 60 దాటినవాళ్లు రాసే దాన దస్తావేజులో ఆ షరతు లేకపోతే రిజిస్టర్ చేయకూడదని ప్రభుత్వం నిబంధన తేవాలంటాను.

సేవాకార్యకర్త, కల్యాణదుర్గం:
నాకు సమ్మతం కాదు సార్. తప్పనిసరి చేసిన మరుక్షణం అది అచ్చు వాక్యమైపోతుంది. వేలిముద్ర వేసే అవ్వకు ఎవరు చదివి వినిపిస్తారు? పైగా 2025 జనవరి 2న ఉర్మిళా దీక్షిత్ కేసులో అదే కోర్టు, చట్టం వృద్ధుల మేలుకే ఉంది కాబట్టి ఉదారంగా చూడాలంది. దానపత్రంతో పాటు అదే తేదీన కొడుకు రాసిచ్చిన వాగ్దానపత్రాన్నీ లెక్కలోకి తీసుకుని దానం రద్దు చేసింది, ఆస్తిని తల్లికి స్వాధీనం చేయమంది. ఈ తీర్పు ఉండగా కొత్త నిబంధన ఎందుకు?

ఆదోని రైటరు:
అక్కా, దస్తావేజులు రాసేవాడిగా చెప్తున్నా, ఆ తీర్పు మంచిదే. కానీ కొడుకు ఆ ఆస్తిని బయటివాళ్లకు అమ్మేస్తే ఏం చేస్తారు? నన్నడిగితే అసలు చిక్కంతా అక్కడే. పోషణ హక్కు ఆస్తితో పాటే కొత్త యజమాని మీదికీ వస్తుంది గానీ, ఆ సంగతి తెలియకుండా డబ్బు పోసి కొన్నవాడి మీద చెల్లదని 23(2) చెప్తోంది. ఇంట్లో నోటిమాటగా అనుకున్నది కొనేవాడికి ఎలా తెలుస్తుంది? అదే షరతు రిజిస్టరు దస్తావేజులో ఉంటే, ఈసీ (ఆస్తి మీద ఏమేం రిజిస్టరయ్యాయో చూపే పత్రం) తీసి, దస్తావేజు నకలు చదివినవాడు "నాకు తెలీదు" అనలేడు. చదవకపోయినా తెలిసినట్టే లెక్క.

ఇక ఇప్పుడు రాస్తున్న తీరు చూడండి. "నీయందు గల ప్రేమాభిమానాల చేత ఇస్తున్నాను, నేటి నుంచి సర్వహక్కులూ నీవే" అంటారు, అంతే. అందులో తిండి మాట లేదు, మందుల మాట లేదు. రాయాల్సింది ఇలా: "నేను బతికున్నన్నాళ్లూ తిండి, బట్ట, వైద్యం, ఇదే ఇంట్లో నివాసం నీవు సమకూర్చాలన్న షరతుపై ఇస్తున్నాను. తప్పితే ఈ దానం రద్దుకు మనమిద్దరమూ ఒప్పుకున్నాము." బిడ్డ సంతకం కూడా ఉండాలి. "నా ఇష్టం వచ్చినప్పుడు రద్దు చేసుకుంటాను" అని రాస్తే మాత్రం ఆస్తి బదలాయింపు చట్టం 126వ సెక్షన్ ముందు నిలవదు. ఆ తప్పు చాలామంది చేస్తారు.

ఇంతకన్నా గట్టి దారి, బతికున్నన్నాళ్లూ అనుభవ హక్కు తమకే ఉంచుకుని రాయడం. వీలునామా అయితే ఎప్పుడైనా మార్చుకోవచ్చు. బిడ్డ తొందరపెడుతున్నాడంటే రాయకుండా ఆగడమే మేలు.

ప్రొద్దుటూరు లాయరు:
అర్జీలు ఎక్కడ దెబ్బతింటున్నాయో కూడా చెప్పాలి. సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో "కొడుకు చూడటం లేదు, న్యాయం చేయండి" అని ఇస్తారు. అది పోలీసు స్టేషన్‌కు పోయి, కౌన్సెలింగ్‌తో ముగుస్తుంది. ఈ పోషణ చట్టం కింద ఆర్డీఓ అధ్యక్షుడిగా ఉన్న ట్రైబ్యునల్‌కు నేరుగా వేయాలి. నెలనెలా పోషణ, కేసు తేలేదాకా మధ్యంతర భత్యం, ఫలానా నంబరు దస్తావేజు రద్దు, స్వాధీనం అని దేనికది విడిగా అడగాలి. దస్తావేజు నకలు, ఈసీ, వయసు రుజువు, బిడ్డలందరి చిరునామాలు జత చేయాలి. బిడ్డ బెంగుళూరులో ఉన్నా మీరుంటున్న చోటే వేయొచ్చు. పోషణ అర్జీ నోటీసు అందిన 90 రోజుల్లో తేల్చాలి, మహా అయితే ఇంకో 30.

సేవాకార్యకర్త, కల్యాణదుర్గం:
అమ్మిన తర్వాతి సంగతి రైటరన్న చెప్పాక షరతు కావాలనే ఒప్పుకుంటున్నా. తప్పనిసరి అనేదానికి మాత్రం ఇంకా ఒప్పుకోను. ఆస్తే లేనివాళ్ల మాటేమిటి? వాళ్లకు ఈ చర్చంతా దండగ. పోషణ గరిష్ఠం నెలకు 10,000 అని చట్టంలోనే కట్టేశారు. మంచాన పడ్డవాళ్ల తరఫున వాళ్లు అధికారమిచ్చిన మనిషో సంస్థో అర్జీ వేయొచ్చు. మతి తప్పినవాళ్లు ఎవరికి అధికారమిస్తారు? అక్కడ ట్రైబ్యునల్ తనంతట తానే కేసు తీసుకోవాలి, పోషణ చట్టం 5వ సెక్షన్‌లో ఆ అధికారం ఉంది. దాన్ని వాడించడానికే మనం ఒత్తిడి తేవాలి. అరవై నిండని వికలాంగుల్ని ఇంట్లో కట్టేసినా, పస్తు పెట్టినా 2016 వికలాంగుల హక్కుల చట్టం 7వ సెక్షన్ కింద ఎవరైనా ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేట్‌కు చెప్పొచ్చు. ఇది తెలిసినవాళ్లు ఎంతమంది?

కొత్త సభ్యుడు, ఎమ్మిగనూరు:
షరతు లేకుండా ముందే రాసిచ్చినవాళ్లు ఇప్పుడేం చేయాలి? ఇల్లు ఇంకా కొడుకు పేరునే ఉంది.

ఆదోని రైటరు:
ఇంకా అమ్మలేదు కాబట్టి ఆలస్యం చేయొద్దు తమ్ముడూ. వాగ్దానం చేసినట్టు ఏ కాగితమున్నా, పంచాయితీలో రాసుకున్న ఒప్పందం సహా, వెతకండి. ఆర్డీఓ దగ్గర పోషణ, రద్దు రెండూ అడగండి. రద్దు కాకపోయినా పోషణ హక్కు పోదు. కొనడానికి ఎవరైనా వస్తున్నారని తెలిస్తే, పోషణ హక్కు ఉందని వాళ్లకు రిజిస్టర్డ్ పోస్టులో నోటీసు పంపి రసీదు దాచుకోండి. ఏది ఎక్కడ ఇవ్వాలో అర్థం కాకపోతే 14567కు ఫోన్ చేయండి, అది వృద్ధుల హెల్ప్‌లైన్.